రబ్బరు తగలని పేజీలు

మంగళవారం ఉదయం మినెగిషి హరుఓమి మ్యూజియంకి వెళ్ళేసరికి అతని ముప్ఫై తొమ్మిదేళ్ళ పని సగం గోడలకెక్కి ఉంది. మిగతా సగం నేలమీద బూడిదరంగు దుప్పట్ల మీద పడి, ఎత్తేవాళ్ళ కోసం చూస్తోంది. బయట జూన్ వాన. తడి గొడుగును తాళాలుండే స్టాండులో దూర్చి, ఆ గడి తాళంచెవి జేబులో వేసుకుని లోపలికొచ్చాడు. బూట్లలో నీళ్ళు చేరాయి. నడుస్తుంటే చప్పుడవుతోంది.

క్యూరేటర్ నిషిగోరి తెల్లటి చేతితొడుగులతో ఎదురొచ్చింది. నలభై రెండేళ్ళ మనిషి. జుట్టు ముడిలో పెన్సిలు గుచ్చుకుని, అది ఎక్కడ పెట్టానా అని పదే పదే వెతుక్కుంటుంది.

"డైరెక్టరుగారూ, ముందు మొదటి గది చూడండి. మీరేం అనుకోకూడదు మరి. స్టూడియో గోదాములో మీరు ఇరవై నాలుగేళ్ళప్పుడు వేసిన బొమ్మ దొరికింది. కుక్క పరిగెత్తే సీను."

మినెగిషి ఆ కాగితం దగ్గరికి వంగి చూశాడు. "ఇది గుర్రం."

"అయ్యో. కుక్క అని లేబుల్ కొట్టించేశానే."

"ఉంచండి. దీన్ని చూసే నన్ను బొమ్మలు మానిపించి దర్శకత్వం వైపు తోశారు."

ఆమె నవ్వి అతని చేతికి ఒక అట్ట, పెన్ను ఇచ్చింది. అట్టమీద లేబుళ్ళన్నిటి జాబితా ఉంది. ఒక్కొక్కటీ చదివి సరిగ్గా ఉంటే పక్కన టిక్కు పెట్టాలి. శనివారం ఎగ్జిబిషన్ ప్రారంభం. అతను టిక్కులు పెట్టుకుంటూ నడిచాడు. పుట్టిన ఊరు, నీగాత. టిక్కు. చేరిన సంవత్సరం. టిక్కు. మొదటి సీరియల్లో ఎపిసోడ్ దర్శకుడు. టిక్కు. వేరే ఎవరిదో జీవితాన్ని తనిఖీ చేస్తున్నట్టుంది అతనికి. తప్పులేమీ కనిపించలేదు.

రెండో గది మధ్యలో పొడవాటి గాజుపెట్టె ఉంది. నిషిగోరి అక్కడ నడక తగ్గించింది.

"ఇది మాత్రం నా కోసం పెట్టుకున్నాను," అంది. "ఓడరేవు యానిమేషన్ సీరియల్, ఇరవై మూడో ఎపిసోడు. స్టోరీబోర్డు అసలు కాగితాలు. అరవై నాలుగు పేజీలూ ఉన్నాయి. ఆ ఎపిసోడు వచ్చినప్పుడు నాకు పదేళ్ళు. ఆ పిల్ల పడవల వెయిటింగ్ రూములో కూర్చుని వాళ్ళ నాన్న కోసం చూసే ఏడు నిమిషాలు ఉంది కదా, మాటల్లేకుండా. మా నాన్న భోజనం దగ్గర టీవీ ఆపెయ్యమనేవాడు రోజూ. ఆవేళ అనలేదు."

మినెగిషి ఆ కాగితాలు చూసి ముప్ఫై రెండేళ్ళయింది. పుస్తకాల్లో అచ్చయిన నకళ్ళు చూశాడు గానీ అసలువి చూడలేదు. ఒక్కో పేజీకి నిలువుగా ఐదు గడులు, గడిలో పెన్సిలు బొమ్మ, పక్కన ఏం జరుగుతుందో రెండు ముక్కలు, చివర ఎన్ని సెకన్లో అంకె. మొదటి పేజీలు తనవే. చెరిపి, మళ్ళీ వేసి, మళ్ళీ చెరిపి కాగితం నూగు లేచిపోయింది. ఒకచోట చిల్లు పడితే వెనక నుంచి అతికించి ఉంది. ముప్ఫై మూడో పేజీ దగ్గర ఆ నలుపంతా ఆగిపోయింది. అక్కడినుంచి గీత గీతలాగే ఉంది. ప్రతి గడిలో ముందు ఆ పిల్ల చేతులు వేసి, ఆ చేతులకి తగ్గట్టు మనిషిని కూర్చోబెట్టారు. సెకన్ల దగ్గర నాలుగంకె తల మూసుకోకుండా పైకి తెరుచుకుని ఉంది. మినెగిషి తన జన్మలో నాలుగంకె అలా వెయ్యలేదు.

గాజు పక్కన లేబుల్ ఉంది. "ముప్ఫై మూడో పేజీ నుంచి దర్శకుడి చెయ్యి తడబడటం మానేస్తుంది. చివరి వరకు ఒక్క రబ్బరు గుర్తయినా లేదు. ఒక దర్శకుడికి తన గొంతు దొరికింది ఇక్కడే."

అతను అది రెండుసార్లు చదివాడు. పెన్ను జాబితా మీదికి వెళ్ళి, ఆ వరస దగ్గర ఆగింది.

"బాగా రాయలేదా?" అంది నిషిగోరి. "మూడు వారాలు కూర్చున్నాను దాని మీద."

"బాగా రాశారు. ఇది రేపో ఎల్లుండో చూస్తాను."

మిగిలిన గదులన్నీ చూసి, ఆ ఒక్క వరస ఖాళీగా ఉంచి అట్ట తిరిగిచ్చేశాడు. స్టేషను పక్కన నిలబడి తినే సోబా కొట్లో వేడి గిన్నె తీసుకున్నాడు. అటుపక్క ఇద్దరు ఆఫీసువాళ్ళు ఎవరో మేనేజరు గురించి నవ్వుకుంటున్నారు. మినెగిషి ఫోను తీసి పేర్లు పైకి కిందకి జరిపాడు. ఫలానా సీరియల్ కెమెరా, ఫలానా సినిమా రంగులు, ఫలానా సంగీతం. పని పేరు లేకుండా ఒట్టి మనిషి పేరుతో ఉన్న నెంబరు ఒక్కటీ లేదు. నలుగురైదుగురు చనిపోయినవాళ్ళు. గిన్నెలో నూడుల్సు ఉబ్బిపోయేదాకా అలాగే చూసి, సగం వదిలేసి బయటికొచ్చాడు.

మర్నాడు తాచికావా వెళ్ళాడు. రిటైరైన ప్రొడ్యూసరు కుసకబె అక్కడ పెద్దవాళ్ళ కేంద్రంలో పగలంతా షోగి, అదే జపాను చదరంగం, ఆడుకుంటూ ఉంటాడు. ఎనభై ఒకటి దాటినా చూపు, నోరు రెండూ పదునే.

"అదుగో, డైరెక్టరొచ్చాడు," అన్నాడు కుసకబె తల ఎత్తకుండా. "కూర్చో. ఈయన గుర్రాన్ని తినేసి వస్తా."

ఎదురుగా కూర్చున్న ముసలాయన తన గుర్రాన్ని వేలితో అదిమి పట్టుకున్నాడు. పది నిమిషాలకి అది పోయింది. కుసకబె లేచి, టీ యంత్రం దగ్గర రెండు కాగితపు కప్పులు నింపి కిటికీ పక్కకి తెచ్చాడు.

"పోస్టరు చూశాను. స్టేషన్లో కట్టారు. నీ మొహం చాలా పెద్దదేశారు. ఏంటి, ఇంత వానలో వచ్చావు?"

"షియోమి సాన్ గుర్తున్నారా మీకు? షియోమి కినుయె."

"ఆ మాట్లాడని ఆవిడ."

"మాట్లాడేవారు."

"నీతో మాట్లాడుంటుంది. నాతో తల ఊపేది. గీత మాత్రం అబ్బ, అలాంటి గీత మళ్ళీ చూళ్ళేదు. ఏం, పోయిందా?"

"తెలీదు. ఇరవై మూడో ఎపిసోడు స్టోరీబోర్డు రెండో సగం ఆవిడ వేశారు కదా."

"నాకు చెబుతావేంటి, వేయించింది నేనైతే. నువ్వు కడుపులో పుండు పగిలి ఆసుపత్రిలో పడున్నావు. మూడు రోజుల్లో వేసిచ్చింది. అన్నం తినడానికి కూడా లేవలేదు."

మినెగిషి కప్పు రెండు చేతుల్తో పట్టుకున్నాడు. దారంతా మనసులో కూర్చుకున్న ప్రశ్న ఇది. "మరి టైటిల్స్‌లో ఆవిడ పేరు ఎందుకు తీసేశారు, కుసకబె సాన్?"

కుసకబె కప్పు కిటికీ అంచున పెట్టి, జేబురుమాలు తీసి కళ్ళద్దాలు తుడుచుకున్నాడు.

"ఎవరు తీశారు?"

"మీరు. రెండు పేర్లుంటే చానల్‌వాళ్ళు ఒప్పుకోరని..."

"నేనా మాట ఎప్పుడూ అనలేదు. నేను రెండు పేర్లూ రాయించాను. ప్రూఫు నీ టేబుల్ మీద పెట్టించాను, నువ్వు ఆసుపత్రి నుంచి వచ్చిన రోజున. తిరిగి నా దగ్గరికొచ్చేసరికి రెండో పేరు మీద ఎర్రగీత ఉంది. కింద నీ ముద్ర ఉంది. ఇద్దరూ మాట్లాడుకున్నారనుకున్నాను. నువ్వు లేచి కూర్చుని మళ్ళీ అంతా వేసుకున్నావేమో అనుకున్నాను. అంతకంటే ఆలోచించే తీరిక మాకెక్కడిది, గురువారం ప్రసారమైతే."

ఇన్నేళ్ళూ ఎవరైనా అడిగితే చెప్పడానికి మినెగిషి దగ్గర ఒక జవాబుండేది. ఎవరూ అడగలేదు గనక అది వాడకుండానే అరిగిపోయింది. ఇప్పుడు దాని కింద ఉన్నది కనిపిస్తోంది. పసుపురంగు ప్రూఫు కాగితం. అందులో తన పేరు పక్కన ఇంకో పేరు. ఆ రెంటినీ చూడగానే ఛాతీలో లేచిన చిన్న మంట. పుండు ఇంకా మానలేదేమో అనుకున్నాడు అప్పుడు. ఎర్రపెన్సిలు మొన అరిగిపోయి ఉంటే చెక్కుకుని మరీ గీత కొట్టాడు.

"ఆవిడ మిమ్మల్ని ఎప్పుడైనా అడిగారా?" అన్నాడు చివరికి.

"అడగలేదు. ఆ తర్వాత వారం నుంచి నీ ఎపిసోడ్లకి పని తీసుకోలేదంతే. నువ్వు గమనించలేదా?"

"గమనించాను. కబురు చేశాను కూడా. ఖాళీ లేదన్నారు."

"అదే, అడగడమంటే."

లోపలి నుంచి గుర్రం పోగొట్టుకున్న ముసలాయన ఇంకో ఆటకి పిలిచాడు. కుసకబె చెయ్యూపాడు.

"వదిలెయ్," అన్నాడు మినెగిషితో. "ఇప్పుడు తవ్వితే బాగుపడేదెవరు? ఎగ్జిబిషన్ చేసుకో. ఇంకో మూడు సినిమాలు తియ్." మినెగిషిని పైనుంచి కిందకి చూశాడు. "మూడెక్కడివిలే. ఒకటి తియ్."

గురువారం మినెగిషి మ్యూజియం ఆఫీసులో నిషిగోరికి ఎదురుగా కూర్చుని విషయం చెప్పాడు. రాసుకొచ్చిన కాగితం తియ్యకుండానే చెప్పాడు. ఆమె మధ్యలో ఆపలేదు. అంతా అయ్యాక ముడిలోంచి పెన్సిలు లాగి బల్లమీద పెట్టింది.

"అయితే నన్ను ఏడిపించింది ఆవిడన్నమాట."

"అవును."

"మీరు కాదు."

"మొదటి సగం నాది."

"మొదటి సగం వస్తున్నప్పుడు నేను కంచంలో చేపముల్లు తీసుకుంటున్నాను." అని, అన్నాక నాలిక కరుచుకుంది. "క్షమించండి. అలా అనుండకూడదు."

"నిజమే కదా."

ఆమె లేచి కిటికీ దగ్గర కాసేపు నిలబడింది. ఆ లేబుల్ మీద కూర్చున్న మూడు వారాలు లెక్క వేసుకుంటోందేమో అనుకున్నాడు అతను. తిరిగొచ్చేసరికి ఆమె గొంతు ఆఫీసు గొంతయింది. ఎగ్జిబిషన్ పుస్తకం అచ్చయిపోయింది, అందులో ఏమీ మార్చలేరు. ప్రతి కాపీలో సవరణ చీటీ ఒకటి పెట్టొచ్చు. లేబుల్ మార్చొచ్చు, పైన హెడ్‌ని అడగాలి. షియోమి సాన్ ఎక్కడున్నారో తెలుసా? తెలీదన్నాడు. ఆమె యానిమేటర్ల సంఘానికి ఫోను చేసింది. మనిషి ఉన్నారని, చిరునామా మాత్రం ఇవ్వలేమని, ఉత్తరం ఇస్తే చేరవేస్తామని అన్నారు.

మినెగిషి ఉత్తరం రాయడానికి కూర్చున్నాడు. మొదటి కాగితం మీద వానాకాలం గురించి రెండు వాక్యాలు రాశాడు. రెండో కాగితం మీద ఆరోగ్యం గురించి అడిగాడు. మూడో కాగితం మీద ఏమీ రాయలేకపోయాడు. చివరికి ఆహ్వానపత్రం మీద పేరు మాత్రం రాసి, లోపల ఇంకేమీ పెట్టకుండా కవరు అంటించాడు.

కొత్త లేబుల్ మాత్రం ఒక్క దెబ్బలో రాశాడు. "33వ పేజీ నుంచి 64వ పేజీ వరకు స్టోరీబోర్డు: షియోమి కినుయె. ప్రసార సమయంలో ఆమె పేరును మినెగిషి కొట్టేశాడు." నిషిగోరి అది పట్టుకుని పైకి వెళ్ళింది. పావుగంటలో తిరిగొచ్చింది.

"మొదటి వాక్యం సరేనన్నారు. రెండోది కొంచెం మెత్తగా ఉండాలట. 'ప్రసార సమయంలో ఆమె పేరు వెయ్యలేదు' అంటే చాలట."

"ఎవరు వెయ్యలేదో తెలీదు అందులో."

"అదే మెత్తదనం."

మినెగిషి పోట్లాడదామనే అనుకున్నాడు. ఇంతలో ఆమె కాగితం ముందుకు జరిపింది, అతను తల ఊపేశాడు. ఎంత సులువుగా ఊపాడో తర్వాత రైల్లో కూర్చున్నాక తెలిసింది.

శనివారం పదకొండింటికి హాల్లో ఎనభై కుర్చీలు నిండాయి. వెనక గోడకి ఆనుకుని కొందరు నిలబడ్డారు. నిషిగోరి ప్రశ్నలడుగుతోంది, అతను మైకు పట్టుకుని చెబుతున్నాడు. ఇరవై మూడో ఎపిసోడు మాట రాగానే మైకు కింద పెట్టేద్దామనిపించి, రెండు చేతుల్తో గట్టిగా పట్టుకున్నాడు.

"ఆ ఏడు నిమిషాలు నేను చెయ్యలేదు," అన్నాడు. "షియోమి కినుయె అనే యానిమేటరు చేశారు. ఆవిడ పేరు నేనే ఎర్రపెన్సిలుతో కొట్టేశాను. ఆ ఎపిసోడు చూసే నాకు మొదటి సినిమా ఇచ్చారు. ఆ తర్వాత వచ్చినవన్నీ దాని మీదే నిలబడి వచ్చాయి."

అతను కాళ్ళు కూడదీసుకుని కూర్చున్నాడు, ఎవరో లేచి ఏదో అంటారని. మూడో వరసలో ఒకతను చప్పట్లు మొదలుపెట్టాడు. పక్కవాళ్ళు అందుకున్నారు. తర్వాత అందరూ కొట్టారు. ఒకావిడ కళ్ళొత్తుకుంటోంది. మినెగిషి చెయ్యెత్తి ఆపమన్నాడు. వినయం అనుకున్నారు, ఇంకాస్త గట్టిగా కొట్టారు.

ప్రశ్నల వేళ గళ్ళచొక్కా అతను లేచాడు. "ఇంత నిజాయితీ ఉన్న మనిషి కాబట్టే మీ సినిమాల్లో ఆ వెచ్చదనం అనుకుంటాను. థాంక్స్ చెప్పాలనిపించింది, అంతే." తర్వాతి మనిషి ఏ పెన్సిలు వాడతారని అడిగాడు. ఆ తర్వాత ఇంకొకరు కొత్త సినిమా ఎప్పుడని అడిగారు. షియోమి కినుయె ఎవరు, ఇంకేం వేశారు, ఇప్పుడెక్కడున్నారు అని ఒక్కరూ అడగలేదు. సంతకాల వరస గుమ్మం దాటి గొడుగుల స్టాండు దాకా సాగింది. అతను వంచిన తల ఎత్తకుండా సంతకాలు పెట్టాడు.

ఇంటికి చేరి బూట్లు విప్పుతుంటే కుసకబె ఫోను.

"మనవరాలు చదివి వినిపించింది. ఇంటర్నెట్లో అప్పుడే వచ్చేసిందట, దర్శకుడి పెద్దమనసు అని. గీత కొట్టి ఒకసారి పేరు తెచ్చుకున్నావు, గీత తుడిచి ఇంకోసారి తెచ్చుకున్నావు. ఇన్నేళ్ళు ప్రొడ్యూసరుగా చేశాను, ఈ తెలివి నాకు తట్టలేదు."

"నేను దాని కోసం చెప్పలేదు."

"తెలుసు. అందుకే నవ్వొస్తోంది." అవతల కప్పు బల్లమీద పెట్టిన చప్పుడైంది. "తిన్నావా?" అన్నాడు ముసలాయన, గొంతు మార్చి.

"తింటాను."

తినలేదు. వంటగదిలో ఒంటి స్టూలు మీద కూర్చుని, కిటికీ అవతల పక్క భవనం మెట్లమీద ఎవరో ఆరేసిన వాన కోటు నుంచి నీళ్ళు కారడం చూశాడు. చుక్కకీ చుక్కకీ మధ్య సెకన్లు లెక్కపెట్టడం అలవాటు. లెక్కపెట్టాడు.

ఆదివారం మ్యూజియంకి వెళ్ళాడు. ఎవరూ రమ్మనలేదు. రెండో గదిలో గాజుపెట్టెకి ఎదురుగా ఉన్న బెంచీ మీద కూర్చుని, వచ్చేవాళ్ళు ఎక్కడ ఆగుతున్నారో చూశాడు. సోమవారం మ్యూజియంకి సెలవు. ఆ రోజు ఎక్కడికి పోవాలో తెలియక రైల్లో చివరి స్టేషను దాకా వెళ్ళి అదే రైల్లో తిరిగొచ్చాడు. మంగళవారం మళ్ళీ బెంచీ మీదికొచ్చాడు.

పన్నెండు దాటాక ఒక పొట్టి ముసలావిడ వచ్చింది. నీలం రంగు వాన కోటు మడిచి చేతి మీద వేసుకుంది. వీపున పిల్లల బడిసంచీ అంత సంచీ, మెళ్ళో తాడుకి కళ్ళద్దాలు. ఆవిడ మొదటి గదిలో గుర్రం బొమ్మ దగ్గర చాలాసేపు నిలబడి భుజాలు కదిలేలా నవ్వడం అతనికి గుమ్మంలోంచి కనిపించింది. ఆ భుజాలు చూసి గుర్తుపట్టాడు. లేచాడు గానీ అడుగు ముందుకి పడలేదు. ఆవిడే వచ్చింది.

"లావయ్యావు," అంది.

"షియోమి సాన్."

"పోస్టర్లో నయం. కూర్చో, నేను చదువుకోవాలి."

అతను కూర్చోలేదు. ఆవిడ కళ్ళద్దాలు పెట్టుకుని గాజుపెట్టె మీదికి వంగింది. ముప్ఫై మూడో పేజీ నుంచి చివరిదాకా పక్కకి జరుగుతూ చూసింది. ఒక్కోచోట కుడిచేతి వేళ్ళు సన్నగా కదిలాయి. తర్వాత లేబుల్ చదివింది. రెండు వాక్యాలే గనక ఎక్కువసేపు పట్టలేదు.

"ఎవరీవిడ?" అంది.

మినెగిషికి అర్థం కాలేదు.

"ఈ షియోమి ఎవరు? ఇది నా పేరు కాదు."

"షియోమి కినుయె..."

"పలకడం అంతే. రాయడం వేరు. షియో అంటే రెండు అర్థాలు, రెండు అక్షరాలు. నువ్వు ఉప్పు అక్షరం వేశావు. మాది ఉప్పు కాదు, సముద్రం పోటు. ఆహ్వానం మీద కూడా ఉప్పే రాశావు. పోస్టుమాన్‌కి తెలుసు, నీకు తెలీదు."

అతను లేబుల్ వైపు చూశాడు. "టైటిల్స్‌లో ఎప్పుడూ ఇదే..."

"మొదటి సీరియల్లో ఎవరో ఉప్పు వేశారు. రెండోదానికి మొదటిది చూసి వేశారు. మూడోదానికి రెండోది. రెండేళ్ళు చెప్పాను, మానేశాను. కంపెనీవాళ్ళకంటే సరే, ఎవరి తీరిక వాళ్ళది. నీకు ఏడేళ్ళపాటు సంవత్సరాది కార్డులు పంపాను. చేత్తో బొమ్మ వేసి. కింద పేరుండేది."

ఆ కార్డులు అతని దగ్గర ఇప్పటికీ ఉన్నాయి. ఆవులించే పులి, చెవి గోక్కునే కుందేలు, మేఘంలో తోక ఇరుక్కున్న డ్రాగన్. ఏ కాలు ఎటు మడిచి ఉందో ఇప్పుడు కళ్ళు మూసుకుని వెయ్యగలడు. పులి కింద ఏముందో గుర్తు చేసుకోబోయాడు. అక్కడ తెల్లకాగితమే వచ్చింది.

"బొమ్మలు గుర్తున్నాయి," అన్నాడు.

"ఉంటాయి. నువ్వు బొమ్మలే చూస్తావు. అందుకే బాగా తీస్తావు."

ఆవిడ గొంతులో కోపం లేదు. ఉంటే బావుండుననిపించింది. అతను చేతులు తొడలకి ఆనించి నడుం దాకా వంగాడు. నేల పలకల మధ్య నల్లగీత కనిపిస్తోంది. వంగే మాట్లాడాడు.

"ప్రూఫు మీద గీత కొట్టింది నేనే. ఇన్నేళ్ళూ కుసకబె సాన్ అనుకుంటూ వచ్చాను. అలా అనుకోవడం నాకు వీలుగా ఉండేది."

"లే. నడుం పట్టేస్తుంది. జనం చూస్తున్నారు." అతను లేచేదాకా ఆగింది. "నీదేనని తెలుసు. నేను చూశాను ఆ ప్రూఫు. నువ్వు టీకి వెళ్ళినప్పుడు డ్రాయింగులు పెట్టడానికి నీ టేబుల్ దగ్గరికొచ్చాను. ముద్ర ఇంకా తడిగా ఉంది. ఉప్పు మీద ఎర్రగీత. పోనీలే, కొట్టేసింది నన్ను కాదు కదా, ఆ ఉప్పావిడనెవర్నో కదా అనుకున్నాను. నవ్వొచ్చింది. ఆ రోజంతా నవ్వుకున్నాను."

"ఆ తర్వాత?"

"వారం తిరిగేసరికి నవ్వు ఆగిపోయింది."

స్కూలు పిల్లల్ని వెంటేసుకుని ఒక టీచరు గదిలోకొచ్చి, మళ్ళీ వాళ్ళని లెక్కపెట్టుకుంటూ వెళ్ళిపోయింది. షియోమి వాళ్ళు పోయేదాకా గోడవైపు జరిగి నిలబడింది. తర్వాత చెయ్యి చాపింది. "కాగితం ఇవ్వు. ఇది సరిగ్గా రాయించు. నా కోసమని కాదు..." అని ఆగి, తల అడ్డంగా ఊపింది. "నా కోసమే. ఇంకెవరి కోసం."

అతను జేబులోంచి నోటుపుస్తకం, పెన్సిలు ఇచ్చాడు. ఆవిడ బెంచీ మీద కూర్చుని, పుస్తకం మోకాలి మీద పెట్టుకుని రాసింది. పోటు అక్షరం: ఎడమవైపు మూడు నీటిచుక్కలు, కుడివైపు సాయంకాలం అనే గుర్తు. పెన్సిలు ఎక్కడా తడుముకోలేదు. అతను ఆవిడ చెయ్యి కాకుండా కాగితమే చూస్తూ నిలబడ్డాడు. పేరు మొత్తం రాసి తిరిగిచ్చేసింది.

"మా తాతలు పడవలవాళ్ళు," అంది. "పోటు ఎప్పుడొస్తుందో చూసి చెప్పేవాళ్ళట. సరే, ఇంకోటి. నలభై ఆరో పేజీ చూశావా? ఆ పిల్ల నారింజ తొక్క జేబులో పెట్టుకునేచోట ఆరు సెకన్లు వేశాను. ఎక్కువ. నాలుగు చాలు. ఇప్పుడు చూస్తే సిగ్గేసింది."

"నేను ఆరే ఉంచాను."

"ఉంచకూడదు. డైరెక్టరువి. నువ్వు కొట్టెయ్యాల్సింది అది."

అతనికి నవ్వొచ్చింది. నవ్వు మధ్యలో ఏదో అడ్డం పడి దగ్గాడు. ఆవిడ వాన కోటు వేసుకోవడం మొదలుపెట్టింది. కోటు చెయ్యి ఒకటి తిరగబడి ఉంటే అతను పట్టుకుని సరిచెయ్యబోయాడు. ఈలోపు ఆవిడే సరిచేసుకుంది.

"ఏదైనా తిందామా?" అన్నాడు. "ఇక్కడ కింద ఉంది. స్టేషను దగ్గర కూడా ఉంది."

"రెండున్నరకి పళ్ళ డాక్టరు. తింటే కసురుకుంటాడు."

"మళ్ళీ వస్తారా? ఆగస్టు దాకా ఉంటుంది."

"వాన లేకపోతే చూద్దాం."

వెళ్ళిపోయింది. మొదటి గదిలో ఆవిడ ఇంకోసారి గుర్రం దగ్గర ఆగుతుందేమోనని చూశాడు. ఆగలేదు.

నిషిగోరి ఆఫీసులో మధ్యాహ్నపు డబ్బా మూత తీస్తోంది. మినెగిషి నోటుపుస్తకం ఆమె ముందు పెట్టాడు. ఆమె ఆ అక్షరం చూసి, పాత లేబుల్ ఫైలు చూసి, డబ్బా మూత మళ్ళీ పెట్టేసింది.

"ఆవిడ వచ్చారా? నన్ను పిలవలేదేం?"

"పళ్ళ డాక్టరుట."

ఆమె కంప్యూటరు తెరిచి పేరు మార్చింది. రెండు చుక్కలు కొంచెం దగ్గరయ్యాయని అక్షరం సైజు పెంచింది. ప్రింటు నొక్కబోతుంటే మినెగిషి ఆపాడు.

"రెండో వాక్యం. నేను ముందు రాసింది వెయ్యండి."

"పైన హెడ్..."

"నేను చెప్పానని చెప్పండి. ఆయన్ని నేనే వచ్చి కలుస్తాను, ఇప్పుడు కాదు, అతికించాక."

నిషిగోరి అతని మొహం వైపు చూసింది. తర్వాత టైపు చేసింది. ప్రసార సమయంలో ఆమె పేరును మినెగిషి కొట్టేశాడు. అట్టకి అంటించి, అంచులు కత్తిరించి, వెనక జిగురుపట్టీ వేసి ఇచ్చింది. పాతది ఊడదియ్యడానికి సన్నటి ప్లాస్టిక్ రేకు కూడా ఇచ్చింది. తనూ వస్తానంది. వద్దన్నాడు.

పాత లేబుల్ గోడ రంగు ఊడకుండా రావడానికి చాలాసేపు పట్టింది. ఒక మూల నుంచి రేకు దూర్చి, కొంచెం కొంచెం లేపాడు. కొత్తది పెట్టి, నాలుగడుగులు వెనక్కొచ్చి చూసి, ఎడమ పక్క వాలిందని మళ్ళీ వెళ్ళి సరిచేశాడు. అరచేత్తో అదిమి పట్టుకుని, జిగురు పట్టేదాకా లోపల్లోపల అరవై సెకన్లు లెక్కపెట్టాడు.

వెనక ఎవరో మెల్లగా గొంతు సవరించుకున్నారు. తిరిగి చూశాడు. ఇద్దరు ఆడవాళ్ళు, తల్లీ కూతుళ్ళలా ఉన్నారు, చేతుల్లో మడత కాగితాలతో నిలబడ్డారు. అతనెవరో గుర్తుపట్టినట్టు లేరు. అయిదో ఆరో నిమిషాలుగా అక్కడే ఉన్నట్టున్నారు.

"కొంచెం," అంది కూతురు, "మీరు అడ్డంగా ఉన్నారు. అది చదవాలి."

"సారీ," అన్నాడు మినెగిషి. గోడ మీద నుంచి చెయ్యి తీసి పక్కకి జరిగాడు.